మా తలుపుకు కట్టిన తెల్ల రుమాలు

ఫరీజ్ బిన్ మహమూద్, దోహా.
తేది: 11 మార్చి 1996.

శ్రీ ఫసీయుద్దీన్ గారి సముఖమునకు,
తొలి విడత ఎన్నికల అధికారి,
దోహా తెలుగు కుటుంబాల సంఘం.

అయ్యా,

విషయం: రాత్రి డ్యూటీ నర్సుగా పనిచేస్తున్న మా అమ్మ శ్రీమతి దేవకుమారికి ఎన్నికల ప్రచారం మూలంగా పోయిన పగటి నిద్రను తిరిగి ఇప్పించుట గురించి, అందునిమిత్తం మా బిల్డింగును తొలి విడత ఓటింగు నుండి తప్పించుట గురించి.

తమకు మనవి చేసుకొనునది ఏమనగా, ఇదే విషయం పోయిన శనివారం నేను తమకు ఫోనులో చెప్పబోయాను. తమరు సగం వరకు విని, "రాసి ఇయ్యమ్మా, నోటి మాట మీద ఏ యాక్షనూ తీసుకోరాదు" అన్నారు. కాబట్టి రాసి ఇస్తున్నాను. నోటితో అయితే నాలుగు మాటల్లో అయిపోయేది. రాతలో అలా కుదరడం లేదు. సాంతం చదవవలసిందిగా ప్రార్థన.

1. మా ఇంట్లో ముగ్గురం. మా నాన్న సువార్తరావు గారు ఉమ్ సయీద్‌లో ఒక కంపెనీలో స్టోర్‌కీపరు. అక్కడే క్యాంపులో ఉండి గురువారం సాయంత్రం వస్తారు, శుక్రవారం సాయంత్రం వెళ్ళిపోతారు. మా అమ్మ ఒక ఆసుపత్రిలో నర్సు. జనవరి నుండి ఆమెకు రాత్రి డ్యూటీ. పొద్దున్నే ఆసుపత్రి బస్సు దిగి, నాకు టిఫిన్ పెట్టి, పడుకుంటుంది. సాయంత్రం లేచి, అన్నం తిని, మళ్ళీ ఆ బస్సే ఎక్కుతుంది. లోకానికి పగలైనది ఆమెకు రాత్రి. నేను పదో తరగతి పరీక్షలు రాస్తున్నాను. పరీక్ష లేని రోజుల్లో ఇంట్లోనే ఉంటున్నాను కాబట్టి ఇక్కడ రాసినదంతా చాలావరకు నా కళ్ళతో చూసినదే.

నాకు ఓటు లేదు. ఆ సంగతి అభ్యర్థులిద్దరికీ బాగా తెలుసు. నేను తలుపు తీస్తే నా తల మీదుగా లోపలికి చూసి "మమ్మీ ఉన్నారా?" అంటారు.

2. ఇప్పుడు రుమాలు సంగతి. తమరు ఫోను పెట్టేసింది ఇక్కడే.

మూడేళ్ళ క్రితం, మొదటిసారి రాత్రి డ్యూటీ పడినప్పుడు, మా అమ్మ మా నాన్న తెల్ల చేతిరుమాలు ఒకటి తలుపు పిడికి కట్టి పడుకుంది. ఎవరికీ ఏమీ చెప్పలేదు. ఎదురింటి వహీదా ఆంటీ అది చూసి, చెప్పులు విప్పి చేతిలో పట్టుకుని మెట్లు దిగింది. ఆవిడను చూసి మిగతావాళ్ళు నేర్చుకున్నారు. రాత్రంతా రొట్టెలు కాల్చే బేకరీ వాళ్ళు కింది అంతస్తులో తెల్లగుడ్డ కట్టారు. ఎయిర్‌పోర్టులో సామాన్లు ఎత్తే అన్నలు కట్టారు. గుడ్డ ఉన్న తలుపు ముందు పిల్లలు బంతి ఆడరు. ఎవరూ గంట నొక్కరు. గ్యాస్ సిలిండర్లు తెచ్చే పఠాన్‌కు తెలుగు రాదు, మాకు పష్తో రాదు. అయినా అతను కూడా ఆ తలుపుల దగ్గర సిలిండరును దొర్లించడు, భుజాన పెట్టుకుని వెళ్తాడు. ఈ నియమం ఎక్కడా రాసి లేదు. ఎవరూ దానికి అధికారిని పెట్టలేదు. అందుకే కాబోలు మూడేళ్ళు నడిచింది.

3. రంజాన్ నెలలో ఆఫీసు వేళలు తగ్గడంతో మన సంఘం కార్యదర్శి ఏబెల్ గారికి టీవీ చూసే తీరిక దొరికింది. అమెరికాలో అధ్యక్షుడి ఎన్నిక కంటే ముందే, ఆ ఎన్నికలో ఎవరు నిలబడాలో తేల్చడానికి వేరే ఎన్నికలు ఉంటాయని ఆయన చూశారు. అవి ఒక్కో రాష్ట్రంలో ఒక్కో రోజు జరుగుతాయట. మొట్టమొదట ఓటు వేసే చిన్న రాష్ట్రంలో ఎంతెంత పెద్దవాళ్ళో మంచులో నిలబడి, ఇల్లిల్లూ తిరిగి, పెట్టింది తింటారట. ఏబెల్ గారు చూసి ఊరుకుంటే నేను ఈ అర్జీ రాసేదాన్ని కాదు.

అంతవరకు మన సంఘం అధ్యక్షుణ్ణి ఎలా ఎన్నుకునేవాళ్ళో తమకు తెలుసు. ఉగాది భోజనాలయ్యాక అందరికంటే ఆలస్యంగా చేతులు కడుక్కోవడానికి లేచినవారిని పట్టుకుని ఒప్పించేవాళ్ళు. ఎవరికీ కష్టం లేదు. ఇప్పుడు రంజాన్ పండగ వెళ్ళిన మర్నాటి నుండి మనకూ తొలి విడత వచ్చింది. పేటల వారీగా మొదట మా బిన్ మహమూద్, తర్వాత నజ్మా, ఆ తర్వాత మున్తజా, చిట్టచివర ఐన్ ఖాలిద్. బిన్ మహమూద్‌లో తెలుగువాళ్ళు ఎక్కువగా ఉన్నది మా బిల్డింగులో. అందువల్ల మంచు ఒక్కటి తప్ప అమెరికా అంతా మా మెట్ల మీదికి వచ్చింది.

"తొలి విజయమే తుది విజయం" అని ఏబెల్ గారు నోటీసులో రాశారు. ఇంతకూ తొలి విడతలో గెలిచినవారికి దొరికేది అసలు ఎన్నికలో నిలబడే అర్హత. అసలు ఎన్నికలో వారికి పోటీ ఎవరో ఆ నోటీసులో లేదు. నేను రెండుసార్లు వెతికాను.

4. సంఘానికి ఉన్నవి: మడత కుర్చీలు, బిర్యానీ వండే పెద్ద దేగిశా ఒకటి, ఒక హార్మోనియం, ఉగాది సాయంత్రం. వీటిని ఏలడానికి నిలబడినవారు ఇద్దరు. ఒకరు ఫర్నిచరు షోరూం మేనేజరు రాజ్ కిరణ్ గారు. రెండోవారు కార్గో సర్వీసు నడిపే మొహియుద్దీన్ గారు. రాజ్ కిరణ్ గారు దోహా నుండి విశాఖపట్నానికి నేరుగా విమానం వేయిస్తానన్నారు. మొహియుద్దీన్ గారు ఆ విమానాన్ని హైదరాబాదులో కూడా దింపుతానన్నారు. దేగిశాకు మూత పోయి సంవత్సరం అయింది. దాని గురించి ఇద్దరూ మాట్లాడలేదు.

5. రాజ్ కిరణ్ గారు మొదటిసారి మా గంట కొట్టినప్పుడు అమ్మ పడుకుని గంట కూడా కాలేదు. నేను వెళ్ళేలోపలే ఆమె లేచి తలుపు తీసింది. నర్సులకు గంట మోగితే మెలకువ రావడం అలవాటు. వాళ్ళు బతికేదే దాని మీద.

"డిస్టర్బ్ చేశానా సిస్టర్?" అన్నారు ఆయన.

"చేశారండీ. రాత్రి డ్యూటీ. ఇప్పుడే పడుకున్నాను" అంది అమ్మ.

"అయ్యో, ఒక్క ఐదు నిమిషాలే" అని లోపలికి వచ్చి కూర్చున్నారు. ఇంటికి వచ్చినవాళ్ళను టీ ఇవ్వకుండా పంపడం మా అమ్మకు చేతకాదు. అది ఆమె బలహీనత. వీళ్ళకు అది వ్యూహం. ఆయన టీ తాగి, బిస్కెట్టు తిని, మా గోడ మీద ఉన్న బైబిలు వాక్యం కార్డును గట్టిగా చదివి, బాగుందన్నారు.

మర్నాడు మొహియుద్దీన్ గారు. ఆయన గంట కొట్టలేదు, ఆ మాట ఒప్పుకోవాలి. గ్యాస్ పఠాన్ భుజం మీది సిలిండరును తన భుజానికి మార్చుకుని, తాను శ్రమజీవినని చూపించడానికి ఫోటో తీయించుకుంటూ మూడు అంతస్తులూ ఎక్కారు. సరిగ్గా మా తలుపు ముందు అది జారింది. కెమెరాలో ఫ్లాష్ వెలగలేదని వెంట ఉన్నతను చెప్పడంతో, మళ్ళీ కిందికి దింపి మళ్ళీ ఎక్కించారు. పఠాన్ మా తెల్లగుడ్డ వైపు చూసి, నా వైపు చూసి, తన చెవులు తానే మూసుకున్నాడు. ఈ ఎన్నికల్లో నాకు అర్థమైన ప్రసంగం అదొక్కటే.

6. ఇది ప్రధాన ఆరోపణ.

రాజ్ కిరణ్ గారు రెండోసారి వచ్చినప్పుడు అమ్మ తలుపు పిడికి ఉన్న రుమాలు చూపించింది. "ఇది కడితే మా బిల్డింగులో గంట కొట్టరండీ. లోపల ఎవరో పడుకున్నారని గుర్తు" అని నెమ్మదిగా చెప్పింది. ఆయన ఆ రుమాలును చేత్తో ముట్టుకున్నారు. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నేను చూశాను, నిజంగానే తిరిగాయి. "ఎంత గొప్ప సంస్కృతి సిస్టర్" అన్నారు. ఇక రారనుకున్నాను.

మర్నాడు పొద్దున అమ్మ డ్యూటీ నుండి వచ్చేసరికి ప్రతి తలుపు పిడికీ ఒక నీలం రుమాలు కట్టి ఉంది. మూలన ఆయన పేరు కుట్టించారు. 'నిద్రించేవారికి అండగా రాజ్ కిరణ్' అని మెట్ల దగ్గర అట్టముక్క. ఆ సాయంత్రానికి మొహియుద్దీన్ గారి మనుషులు పసుపు తువ్వాళ్ళు తెచ్చారు. "ఆయన రుమాలు ఇస్తె నేను తువ్వాల ఇస్త అక్కా. రేపు తుడుచుకోనికైనా పనికొస్తది" అని మొహియుద్దీన్ గారే వహీదా ఆంటీకి స్వయంగా చెప్పారు. ఎవరినీ నొప్పించడం ఇష్టం లేక జనం రెండూ కట్టుకున్నారు. లోపల టీవీ పెద్దగా మోగుతున్న ఇంటికీ గుడ్డ ఉంది. తాళం వేసి ఊరు వెళ్ళినవాళ్ళ ఇంటికీ గుడ్డ ఉంది. నిజంగా పడుకున్న బేకరీ అన్నల తలుపుకూ అదే గుడ్డ. ఇక ఎవరు ఎక్కడ నిద్రపోతున్నారో ఎవరికీ తెలియకుండా పోయింది. పిల్లలు మళ్ళీ బంతి తీశారు. వాళ్ళ తప్పేముంది?

అమ్మ మాత్రం తన తెల్ల రుమాలే ఉంచుకుంది. అక్కడ వచ్చింది చిక్కు. ఇరు పక్షాల కార్యకర్తలూ రోజూ గుడ్డలు లెక్కపెడతారు. నీలం ఉంటే వారిది, పసుపు ఉంటే వీరిది. తెల్లది చూసి, ఈ ఇంటివాళ్ళు ఇంకా ఎటూ తేల్చుకోలేదని రాసుకున్నారు. తేల్చుకోని ఇల్లంటే అభ్యర్థులకు ఎలా ఉంటుందో నేను చెప్పనక్కర లేదు. మిగతా ఇళ్ళు వదిలేసి అందరూ మా గంట మీద పడ్డారు. పొద్దున నీలం వాళ్ళు, మధ్యాహ్నం పసుపు వాళ్ళు, మధ్యలో ఏబెల్ గారు 'ఓటరు నాడి' చూడటానికి. గంట కొట్టవద్దని కట్టిన గుడ్డను చూసి గంట కొట్టినవాళ్ళను నేను ఈ దోహాలో తప్ప ఎక్కడా చూడలేదు, వినలేదు.

చివరికి అమ్మ విసిగి, తెల్లది విప్పేసి, నీలమూ పసుపూ రెండూ కట్టింది. ఆ మధ్యాహ్నమే ఇరు పక్షాలూ కలిసి వచ్చాయి. రెండింటిలో ఏది మనస్ఫూర్తిగా కట్టారో చెప్పమన్నారు.

7. పోయిన బుధవారం నిశ్శబ్దం కోసం ఊరేగింపు జరిగింది. బయట రోడ్డు మీద ఊరేగింపుకు అనుమతి ఉండదు కాబట్టి మెట్ల మీద జరిపారు. పైకి ఎక్కి, డాబా మీద తిరిగి, మళ్ళీ కిందికి. మార్చి నెల కావడంతో ఏసీలు ఇంకా వేయలేదు, కిటికీలన్నీ తెరిచే ఉన్నాయి. 'నిశ్శబ్దం మా హక్కు' అని ఒకరు అరిస్తే, 'హక్కు హక్కు' అని అందరూ అరిచారు. నాకు మర్నాడు సాంఘికశాస్త్రం పరీక్ష. పౌరశాస్త్రంలో ఎన్నికల పాఠం నేను ఆ చప్పుడులోనే చదివాను. 'ఎన్నికలు ప్రజల అభిప్రాయాన్ని తెలుసుకునే సాధనం' అని అందులో ఉంది. అదే పరీక్షలో రాశాను. అబద్ధం రాసి మార్కులు తెచ్చుకోవడం నాకు అదే మొదటిసారి.

8. శుక్రవారం నమూనా ఓటింగు పెట్టారు. అసలు ఎన్నికకు ముందు తొలి విడత, తొలి విడతకు ముందు నమూనా. దీనికి ముందు ఇంకేదైనా ఉందేమో తమకు తెలియాలి. మొహియుద్దీన్ గారికి ఎక్కువ వచ్చాయి, లడ్డూలు పంచారు. రాజ్ కిరణ్ గారు కూడా లడ్డూలు పంచారు. ఓడారు కదా అని మా నాన్న అడిగితే, "ఓడతామనుకున్నంతగా ఓడలేదు బ్రదర్, అది విజయమే" అన్నారు. ఈ లడ్డూలు ఇవ్వడానికి రెండు పక్షాలూ విడివిడిగా గంట కొట్టాయి.

9. ఇక్కడి నుండి రాయడం నాకు కష్టంగా ఉంది. అర్జీలో కోపం రాయకూడదని, ఉన్నది ఉన్నట్టు రాయాలని నాన్న ఫోనులో చెప్పారు. ఉన్నది ఉన్నట్టే రాస్తున్నాను.

శనివారం డ్యూటీ అప్పగించే వేళకు మా అమ్మ మందుల అలమరకు తల ఆనించి, నిలబడే నిద్రపోయింది. చేతిలో ఒక పేషెంటుకు ఇవ్వవలసిన మందు ఉంది. మేట్రన్ వచ్చి భుజం తట్టింది. ఇంకోసారి ఇలా చూస్తే జూన్‌లో కాంట్రాక్టు పొడిగించడానికి తాను సిఫారసు చేయలేనని చెప్పింది. మేట్రన్‌ది తప్పు అని అమ్మ అనలేదు. "నేనైనా అదే అందును" అంది.

ఇంటికి వచ్చి టిఫిన్ చేయలేదు. మంచం మీద కూర్చుని తన కుడిచేతిని చూసుకుంటూ ఉంది. ఏమైందమ్మా అని అడిగాను.

"ఏమీ అవలేదే షెరిన్. మందు మార్చి ఇవ్వలేదు, డోసు ఎక్కువ వేయలేదు. ఎవరికీ ఏమీ అవలేదు" అంది. ఆ చెయ్యి ఒళ్ళో పెట్టుకుని, "అవడానికి ఇంకెంతో దూరం లేదు. అదీ భయం" అంది.

అప్పుడు గంట మోగింది. ఎవరో నేను చెప్పను. ఎవరైనా ఒకటే. ఆ శనివారమే నేను తమకు ఫోను చేసింది.

గాఢనిద్రకు సుషుప్తి అని ఒక మాట ఉందని ఈ మధ్యే నిఘంటువులో చూశాను. చాలా ఇష్టమైంది. అమ్మకు చూపించాలని పేజీలో పుల్ల పెట్టి ఉంచాను. ఆమెకు అక్షరాలు అలుక్కుపోతున్నాయట, తర్వాత చూస్తానంది.

అయ్యా, అభ్యర్థులను 'మీకు సిగ్గు లేదా' అని అడగాలని ఉంది. అర్జీలో అలా అడగకూడదు కాబట్టి అడగడం లేదు. నిద్ర గురించి అంత కన్నీరు కార్చిన మనిషి ఆ నిద్రను మాత్రం ఎందుకు వదిలిపెట్టలేదో అడగాలని ఉంది. అదీ అడగడం లేదు. మా అమ్మ చేతిలో రోజూ కొంతమంది ప్రాణాలు ఉంటాయి. ఈ ఇద్దరి చేతిలో ఉండబోయేది మూత లేని దేగిశా. రెండోదాని కోసం మొదటిదానిని కదిలించవచ్చునా అని మాత్రం తమను అడుగుతున్నాను. తమరు అధికారి కాబట్టి దీనికి జవాబు ఇవ్వవలసి ఉంటుంది.

10. గుడ్డకు విలువ పోయింది కాబట్టి నిన్నటి నుండి వహీదా ఆంటీ మా తలుపు ముందు కుర్చీ వేసుకుని కూర్చుంటోంది. వచ్చినవాళ్ళను చేయి అడ్డం పెట్టి ఆపుతోంది. ఆవిడకు మోకాళ్ళ నొప్పులు, పైగా ఇంట్లో వంట ఆగిపోతోంది. నేను కూర్చుంటానంటే వినలేదు. "నీకు ఓటు లేదు బిడ్డా, నిన్ను తోసుకొని పోతరు. నాకైతె ఉన్నది. నన్ను తొయ్యరు" అంది.

ఆవిడ అంచనా నిజమే. తోయలేదు. కానీ ఒక ఓటరు కుర్చీలో కదలకుండా కూర్చుని దొరకడంతో, ఇద్దరూ వచ్చి ఆవిడకు ఎదురుగా నిలబడి ప్రసంగాలు చేస్తున్నారు. మా తలుపుకు జానెడు దూరంలో. నిన్న రాజ్ కిరణ్ గారి ప్రసంగం మధ్యలో వహీదా ఆంటీ, "గొంతు తగ్గించు బాబూ, లోపల ఆమె పండుకున్నది" అంటే, "ఆమె కోసమే మాట్లాడుతున్నానండీ" అన్నారట.

పైన మనవి చేసుకున్న సంగతులను బట్టి తమరు దయతో ఈ కిందివి చేయించవలెను.

మొదటిది, వచ్చే శుక్రవారం జరగవలసిన తొలి విడతను మా బిల్డింగు నుండి ఐన్ ఖాలిద్‌కు మార్చవలెను. అక్కడ అందరివీ విల్లాలు, గేట్లు ఉంటాయి. గంట గేటు దగ్గర మోగుతుంది, మంచం దగ్గర కాదు. మమ్మల్ని చిట్టచివర పెట్టండి. అప్పటికి ఎవరు గెలిచారో తేలిపోయి ఉంటుంది, మా ఓటుతో ఎవరికీ పని ఉండదు. అంతకంటే మాకు కావలసింది లేదు.

రెండోది, నీలం రుమాళ్ళు, పసుపు తువ్వాళ్ళు కట్టినవారి చేతనే విప్పించవలెను. గుడ్డలు కట్టడం నిబంధనలకు విరుద్ధం కాదని తమరు ఫోనులో అన్నారు. నిజమే. నిద్రపోవడం కూడా విరుద్ధం కాదు.

మూడోది, పై రెండూ వీలుపడని పక్షంలో, మా ఇంటి ఓట్లు రెండూ జాబితా నుండి కొట్టివేయించవలెను. ఓటు లేని ఇంటి గంట ఎవరూ కొట్టరని నా అనుభవం. ఇందుకు మా నాన్న ఒప్పుకున్నారు. "కొట్టేయించమ్మా. ముందు అమ్మను పడుకోనీ" అన్నారు. అమ్మను అడగలేదు. ఈ వాక్యం రాస్తున్న సమయానికి ఆమె నిద్రపోతోంది. ఆ నిద్ర లేపి సంతకం చేయించడం నా వల్ల కాదు. దానికి కూడా రాతపూర్వకంగా కావాలంటే, జూన్ తర్వాత మేము ఈ దేశంలో ఉంటే ఇస్తాను.

ఇదంతా తమరు శాంతంగా చిత్తగించవలెనని, చిత్తగించేటప్పుడు ఎవరినీ విచారణకు మా ఇంటికి పంపవద్దని వేడుకుంటూ,

ఇప్పటికింకా తమ విధేయురాలు,
షెరిన్
(ఓటు లేదు)

తా.క. ఈ అర్జీ తమ చేతికే ఇచ్చి, రసీదు తీసుకుని, ముఖాముఖి నాలుగు మాటలు అడగాలని బయల్దేరి వచ్చాను. దారి పొడుగునా ఆ మాటలు కూడబలుక్కుంటూ వచ్చాను. మంచివి దొరికాయి. తమరు విని ఉంటే కోపం వచ్చేది.

ఇప్పుడు తమ తలుపు ముందు మెట్టు మీద కూర్చుని ఇది రాస్తున్నాను. తమ తలుపు పిడికి నీలం రుమాలు ఉంది. దాని మీద పసుపు తువ్వాలు ఉంది. తమరు ఎన్నికల అధికారి కాబట్టి రెండూ కట్టుకున్నారని అర్థం చేసుకున్నాను, నవ్వుకున్నాను కూడా. గంట మీద వేలు పెట్టాక చూశాను. ఆ రెండింటి అడుగున ఒక తెల్లగుడ్డ ఉంది. చిన్నది, ఉతికి ఉతికి పలచబడింది, ముడి బిగుసుకుపోయింది. అది అభ్యర్థులు పంచినది కాదు.

తమ ఇంట్లో రాత్రి డ్యూటీ చేసేవారు ఎవరో నాకు తెలియదు. ఇప్పుడు లోపల పడుకుని ఉన్నారో, లేచి ఉన్నారో కూడా తెలియదు. అడుగుదామంటే గంట కొట్టాలి.

కొట్టలేదు. కాగితం తలుపు కింది నుండి తోస్తున్నాను. చెప్పులు చేత్తో పట్టుకుని దిగుతాను. ఎవరైనా పడుకుని ఉంటే, వారు లేచాకే చదవండి.